విజయవాడలో ఇల్లు కడుతున్నాం, 9 అంగుళాల పిల్లర్ చాలా? (ములుగు భూకంపం తర్వాత వచ్చిన సందేహం)

పటమట_శ్రీను | 4 డిసెంబర్ 2024, రాత్రి 9:10

పొద్దున ఏడున్నర కావస్తుండగా మంచం ఊగింది. నేనూ మా ఆవిడా ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. వంటింట్లో స్టాండుకు తగిలించిన గరిటెలు గలగలమన్నాయి. టీవీ పెడితే ములుగు దగ్గర 5.3 అన్నారు. మాకూ ములుగుకీ మధ్య రెండు వందల కిలోమీటర్ల పైమాటే.

ఇప్పుడు నా బెంగ ఏమిటంటే, పోరంకిలో మాకు 200 గజాల స్థలం ఉంది. సంక్రాంతి వెళ్లాక పని మొదలుపెట్టాలి. కింద పార్కింగ్, పైన మూడంతస్తులు. మేస్త్రి ముప్పై ఏళ్లుగా కడుతున్నవాడు. పిల్లర్లు 9 ఇంటూ 15 వేస్తే గోడలో కలిసిపోతాయి, గదిలోకి పొడుచుకు రావు అంటున్నాడు. అనుమతి కోసం ఇంజనీరు సంతకం పెట్టిన డ్రాయింగ్ ఉంది. అందులో పిల్లర్ నిలువు ఊచల చుట్టూ కట్టే ఇనుప రింగుల గురించి ఒకే ఒక్క ముక్క రాశారు: "8 మి.మీ. రింగులు, 6 అంగుళాల ఎడం". అంతే.

మేస్త్రిని అడిగితే "మన వైపు భూకంపాలు రావు సార్" అన్నాడు. పొద్దున వచ్చిందిగా మరి? తెలిసినవాళ్లు చెప్పండి. 28 ఏళ్ల ఉద్యోగం సొమ్ము ఇందులో పెడుతున్నాను.

ఏటూరునాగారం_పిలగాడు | 4 డిసెంబర్ 2024, రాత్రి 9:42

అన్నా, మీకు మంచం ఊగింది. మాకు రేకుల షెడ్డు దడదడ కొట్టుకున్నది. మా అమ్మ పొయ్యి కాడ కూసున్నది, గిన్నెలు కిందపడ్డయ్, అందరం రోడ్డు మీదికి ఉరికినం. ఒక్కటే అడుగుత. ఆగస్టు ఆఖర్ల తాడ్వాయి అడవిల వేల చెట్లు కూలినయ్. మూడు నెలలకే భూమి కదిలింది. ఊర్ల అందరు రెంటికీ లంకె ఉన్నదంటున్నరు. నిజమేనా?

గోదారి_రాళ్లు | 4 డిసెంబర్ 2024, రాత్రి 11:30

నేను భూభౌతిక శాస్త్రంలో పనిచేసి రిటైరయ్యాను. ముందు తమ్ముడి ప్రశ్నకు జవాబు చెబుతాను. చెట్లను కూల్చింది సుడిగాలి. ఇవాళ కదిలింది నేలకు 40 కిలోమీటర్ల లోతున. ఆ రెంటికీ ఏ సంబంధమూ లేదు. మీ అమ్మగారికి ధైర్యం చెప్పండి.

గోదావరి లోయలోనే ఎందుకు వచ్చింది అంటే, సింగరేణి బొగ్గు ఎక్కడి నుంచి వచ్చిందో అక్కడి నుంచే ఈ కథా మొదలవుతుంది. కోట్ల ఏళ్ల కిందట ఈ ప్రాంతంలో భూమి పైపొర చీలి రెండు వైపులకూ విడిపోబోయి, సగంలో ఆగిపోయింది. మధ్యలో కుంగిన పొడవాటి పల్లంలో మట్టీ అడవులూ పేరుకుని బొగ్గయ్యాయి. ప్రాణహిత గోదావరి లోయ అంటే అదే. ఆ చీలిక అంచుల్లోని పాత పగుళ్లు ఇప్పటికీ లోపల ఉన్నాయి. మన దేశాన్ని మోస్తున్న భూఫలకం ఏడాదికి సుమారు 5 సెంటీమీటర్ల చొప్పున ఉత్తరానికి జరుగుతూ ఆసియాను నెడుతోంది. ఆ ఒత్తిడి హిమాలయాల్లోనే ఆగిపోదు, ద్వీపకల్పం అంతటా ఉంటుంది. ఎక్కడ పాత అతుకు బలహీనంగా ఉంటే అక్కడ ఎప్పుడో ఒకసారి జారుతుంది. 1969 ఏప్రిల్ 13న భద్రాచలం దగ్గర 5.7 వచ్చింది కూడా ఈ లోయలోనే. అంతకు రెండేళ్ల ముందు, 1967 మార్చిలో ఒంగోలులో 5.4 వచ్చింది. కాబట్టి "మన వైపు రావు" అన్న మాట తప్పు. "మన వైపు అరుదుగా వస్తాయి" అంటే ఒప్పుకుంటాను.

అంత దూరాన ఉన్న విజయవాడకు ఎలా తెలిసిందనేది ఇంకో సంగతి. ఒకటి, లోతు ఎక్కువ. రెండు, మన దక్కన్ రాయి పాతది, గట్టిది. పగుళ్లతో నలిగిపోయిన నేలలో తరంగం త్వరగా చస్తుంది, గట్టి రాయిలో చాలా దూరం నడుస్తుంది. 5.3 అనేది డప్పును ఎంత గట్టిగా కొట్టారో చెప్పే అంకె. అది ఒక్కటే ఉంటుంది. ఏ ఇంట్లో ఎంత వినిపించిందన్నది వేరే లెక్క, అది ఊరూరికీ, వీధివీధికీ మారుతుంది. ఇంకో మాట, అంకె ఒకటి పెరిగితే విడుదలయ్యే శక్తి దాదాపు 32 రెట్లు పెరుగుతుంది. 5.3ను చూసి 6.3 ఇంకాస్త గట్టిగా ఊపుతుంది అనుకోవద్దు.

కంకిపాడు_రైతు | 5 డిసెంబర్ 2024, ఉదయం 6:20

పెద్దాయన చెప్పింది బాగుంది గానీ, మా తాతగారు కట్టిన మట్టిమిద్దె ఎనభై ఏళ్లుగా నిలబడింది. ఇంజనీర్లు లేరు, కోడ్‌లు లేవు. శ్రీను గారూ, ఈ భయాలతో ఖర్చు పెంచుకోవద్దు. మిగిలే డబ్బు పిల్ల పెళ్లికి పనికొస్తుంది.

గోదారి_రాళ్లు | 5 డిసెంబర్ 2024, ఉదయం 8:05

రైతుగారూ, మీ తాతగారి మిద్దె మీద నాకు గౌరవమే ఉంది. కానీ అది ఎనభై ఏళ్లు నిలబడిందంటే, ఆ ఎనభై ఏళ్లలో దాన్ని పక్కకు ఊపినవాడు లేడనే అర్థం. 1993 సెప్టెంబర్ 30 తెల్లవారుజామున మహారాష్ట్రలోని కిల్లారిలో ఏం జరిగిందో మా తరం వాళ్లం మర్చిపోలేం. వినాయక నిమజ్జనం చేసి వచ్చి పడుకున్నారు. నాలుగు కొట్టేలోపు దాదాపు పది వేల మంది పోయారు. తీవ్రత 6.2 మాత్రమే. అప్పటి భూకంప ప్రమాద పటంలో కిల్లారి జోన్ 1లో, అంటే దేశంలో అన్నిటికంటే భద్రమనుకున్న చోట ఉంది. రెండడుగుల మందం రాతిగోడలు, మట్టితో పేర్చినవి, పైన బరువైన మట్టికప్పు. తాతల నాటి ఇళ్లే అవి కూడా. 2002లో భూకంప కోడ్ (కట్టడాల నియమావళి) సవరించినప్పుడు జోన్ 1ని పూర్తిగా తీసేసి జోన్ 2లో కలిపేశారు.

కంకిపాడు_రైతు | 5 డిసెంబర్ 2024, ఉదయం 8:31

కిల్లారి సంగతి నాకు ఇంత వివరంగా తెలియదండి. నా మాట వెనక్కి తీసుకుంటున్నాను. మరి మా మిద్దెకు ఇప్పుడేమైనా చేయొచ్చా? అమ్మ ఇంకా అందులోనే ఉంటుంది.

సబర్మతి_సుధ | 5 డిసెంబర్ 2024, మధ్యాహ్నం 1:15

శ్రీను గారు "కింద పార్కింగ్" అని రాశారు కాబట్టి రాస్తున్నాను. మా నాన్నగారి ఉద్యోగరీత్యా అప్పట్లో మేం అహ్మదాబాద్‌లో ఉండేవాళ్లం. 2001 జనవరి 26. నేను తొమ్మిదో తరగతి. జెండా వందనానికి తెల్ల యూనిఫాం వేసుకుని స్కూల్ మైదానంలో నిలబడ్డాం. ఎనిమిది ముప్పావుకి నేల అలలా కదిలింది. ఆరుబయట ఉన్నాం కాబట్టి మాకేమీ కాలేదు.

భూకంప కేంద్రం భుజ్ వైపు, రెండు వందల కిలోమీటర్లకు పైగా దూరం. అయినా మా ఊళ్లో డెబ్భై దాకా అపార్ట్‌మెంట్లు కూలాయి. మా పక్క వీధిలోది ఒకటి చూశాను. పైన నాలుగు అంతస్తులు దాదాపు అలాగే ఉన్నాయి, కిటికీ అద్దాలతో సహా. కింద పార్కింగ్ మాత్రం లేదు. మొదటి అంతస్తు బాల్కనీ రోడ్డుకు ఆనుకుని ఉంది. స్కూటర్లు, కార్లు అన్నీ దాని కింద. నాకు నిర్మాణం గురించి ఏమీ తెలియదు, కానీ ఆ తర్వాత ఎక్కడ ఇల్లు అద్దెకు తీసుకున్నా ముందు పార్కింగ్‌లోకి వెళ్లి పిల్లర్లు చూస్తాను.

నిర్మాణ_లలిత | 5 డిసెంబర్ 2024, రాత్రి 10:48

హైదరాబాద్‌లో స్ట్రక్చరల్ ఇంజనీర్‌ని, పద్దెనిమిదేళ్లుగా ఇదే పని. సుధ గారు చూసినది సరిగ్గా అదే. పై అంతస్తుల్లో ఇటుక గోడలు ఉంటాయి, అవి పిల్లర్ల మధ్య బిగుసుకుని అంతస్తునంతా ఒక పెట్టెలా గట్టిగా చేస్తాయి. కింద గోడలు లేవు, ఉత్త కాళ్లు. నేల ఊగినప్పుడు పైదంతా ఒకే దిమ్మలా కదులుతుంది, వంగాల్సిన వంగుడంతా ఆ కాళ్ల మీదే పడుతుంది. అందుకే 2016 నాటి భూకంప కోడ్ ఐఎస్ 1893లో ఇలా కింద ఖాళీగా వదిలే కట్టడాలకు కాంక్రీటు గోడలో, బ్రేసింగో (పిల్లర్ల మధ్య ఏటవాలు దన్నులు) కొన్ని చోట్ల తప్పనిసరి చేశారు.

శ్రీను గారూ, విజయవాడ జోన్ 3. మీ ఇంటి లెక్క ఇక్కడే వేద్దాం. నాలుగు స్లాబులు, గోడలు కలిపి బరువు సుమారు 400 టన్నులనుకోండి. జోన్ 3లో నేల ఊపుకు కోడ్ ఇచ్చిన అంకె 0.16. కోడ్ దానిలో సగం తీసుకుని, మీలాంటి పొట్టి కట్టడాలకు 2.5తో గుణించమంటుంది. అంటే బరువులో ఐదో వంతు, 80 టన్నులు, పక్క నుంచి తోస్తుందన్నమాట. ఇంటిని అలా తోసినా పగులు కూడా రాకుండా నిలబడాలంటే పిల్లర్లు ఎంత లావు కావాలో ఊహించుకోండి, ఎవరూ కట్టలేరు. అందుకని కోడ్ ఏం చేస్తుందంటే, ఆ 80ని 5తో భాగించి 16 టన్నులకే డిజైన్ చేయమంటుంది.

ఈ 5 ఎక్కడి నుంచి వచ్చింది? ఇంటి యజమానులకు ఎవరూ చెప్పని సంగతి ఇదే. సుద్దముక్కను వంచితే టక్కున విరుగుతుంది. ఊచలు కట్టే బైండింగ్ వైరును వంచితే వంగి ఊరుకుంటుంది, మళ్లీ ఇటు వంచినా ఓర్చుకుంటుంది. ఇల్లు రెండోదానిలా ప్రవర్తిస్తుందన్న నమ్మకంతో కోడ్ మనకు మిగతా 64 టన్నులు అప్పుగా ఇచ్చింది. ఆ అప్పుకు తాకట్టు పెట్టింది రింగుల్ని. రింగులు సరిగ్గా లేకపోతే కాగితం మీద 16 టన్నుల డిజైన్ ఎంత శుద్ధంగా ఉన్నా ఆ ఇల్లు సుద్దముక్కే.

రింగు చేసే పనేమిటో చెబుతాను. నేల ఊగినప్పుడు పిల్లర్ పైనా కిందా, బీమ్‌కు ఆనుకున్న చోట, ముందుగా పైపొర కాంక్రీటు ఊడిపోతుంది. అది ఊడినా ఫరవాలేదు. లోపలి కాంక్రీటును బుట్టలా పట్టి ఉంచేది రింగు, నిలువు ఊచలు బయటికి ఉబ్బకుండా ఆపేదీ రింగే. మన సైట్లలో రింగు కొసలను ఎల్ ఆకారంలో, 90 డిగ్రీలకు వంచి వదిలేస్తారు. ఆ కొస ఉన్నది పైపొరలో! పైపొర ఊడగానే కొస తెరుచుకుంటుంది, బుట్ట విప్పుకుంటుంది. కొసలను 135 డిగ్రీలకు, అంటే పిల్లర్ నడిబొడ్డు వైపు తిరిగేలా వంచితే అది లోపలి కాంక్రీటులో దిగబడి ఉంటుంది. వంపు తర్వాత కొస కనీసం 65 మి.మీ. ఉండాలి. అహ్మదాబాద్‌లో, తర్వాత ఎన్నో చోట్ల, కూలిన పిల్లర్ల ఫోటోలు చూడండి. తెరుచుకున్న రింగులు, పొట్ట ఉబ్బిన ఊచలు, పొడైన కాంక్రీటు.

ఇక మీ 9 ఇంటూ 15. భూకంపానికి తట్టుకునేలా ఊచలూ రింగులూ ఎలా వేయాలో చెప్పే కోడ్ ఐఎస్ 13920 ప్రకారం జోన్ 3లో పిల్లర్ ఏ వైపూ 300 మి.మీ. కంటే తక్కువ ఉండకూడదు. 9 అంగుళాలంటే 230. మేస్త్రి ముప్పై ఏళ్ల అనుభవం నిజమే, కానీ ఆ ముప్పై ఏళ్లలో ఆయన కట్టిన ఏ ఇంటినీ భూమి గట్టిగా పరీక్షించలేదు. ఇంకోటి, పిల్లర్ బీమ్ కంటే బలంగా ఉండాలి, ఆ రెండూ కలిసే చోట 1.4 రెట్లు. బీమ్ దెబ్బతింటే ఒక గది పాడవుతుంది, పిల్లర్ దెబ్బతింటే పైనున్న అంతస్తులన్నీ దిగుతాయి. సన్న పిల్లర్ మీద 18 అంగుళాల బీమ్ పెడితే తలకిందులైనట్టే.

పటమట_శ్రీను | 6 డిసెంబర్ 2024, ఉదయం 7:02

లలిత గారూ, రాత్రి మూడుసార్లు చదివాను. 64 టన్నుల మాట చదివాక నిద్ర పట్టలేదు. పిల్లర్ 12 అంగుళాలు చేస్తే గోడలోంచి మూడంగుళాలు బయటికొస్తుంది. ఇంట్లో ఆడవాళ్లు మంచం పట్టదంటున్నారు, అమ్మ ఈశాన్యం మూల పొడుచుకు రాకూడదంటుంది. దీనికి దారి ఉందా? లిఫ్టూ మెట్లూ రెండూ నైరుతి మూల పెట్టాం. ఆ చుట్టూ కాంక్రీటు గోడ వేస్తే పార్కింగ్ సమస్య తీరుతుందా?

నిర్మాణ_లలిత | 6 డిసెంబర్ 2024, ఉదయం 9:40

ఆ మూడంగుళాలను అల్మారా లోతులో కలపొచ్చు, ఈశాన్యం మూల బయటి వైపుకు తోయొచ్చు. ఆర్కిటెక్టుతో ఒక పూట కూర్చుంటే తేలుతుంది, అమ్మగారి మాటా నిలుస్తుంది.

లిఫ్టు గోడ ఒక్కటే, అదీ ఒక మూల వేస్తే కొత్త చిక్కు వస్తుంది. గట్టి భాగమంతా ఒక పక్క ఉంటే ఇల్లు ఊగడంతో ఆగదు, ఆ మూల చుట్టూ తిరుగుతుంది. దూరంగా ఉన్న ఈశాన్యం పిల్లర్లకు దెబ్బ ఎక్కువ. కాబట్టి ఎదుటి మూల కూడా చిన్న గోడలు, రెండు దిక్కులా, పునాది నుంచి పైదాకా రావాలి. మెట్ల మధ్య ల్యాండింగ్ బీమ్ పిల్లర్‌ను సగంలో పట్టుకుంటుంది, అక్కడ పిల్లర్ పొట్టిదై ముందుగా విరుగుతుంది. అక్కడ రింగులు కింద నుంచి పైదాకా దగ్గరగా వేయమనండి.

మట్టి పరీక్ష చేయించారా? పోరంకి అంటే కృష్ణా నది ఒండ్రు నేల.

బెండింగ్_వెంకన్న | 6 డిసెంబర్ 2024, సాయంత్రం 7:55

మేడం చెప్పింది అక్షరం తప్పులేదు. నేను ఇరవై రెండేళ్లుగా రాడ్ బెండింగ్ పని చేయిస్తున్నా. పని చేసేవాడి వైపు నుంచి రెండు మాటలు చెప్తా సార్.

మాకు కూలి టన్ను లెక్కన ఇస్తారు. 135 వంచితే రింగు పిల్లర్‌లోకి ఎక్కించడం కష్టం, టైం పడుతుంది, బరువు మాత్రం ఎంతో పెరగదు. అంటే పని పెరిగి కూలి పెరగదు. అందుకే ఎవడూ చేయడు. రేటు ముందే మాట్లాడుకుని, వంపు ఎలా ఉండాలో చూపించి, మొదటి పిల్లర్ దగ్గర నిలబడి చూడండి. రెండో పిల్లర్ నుంచి మావాళ్లే చేస్తారు.

అసలు తప్పు జరిగేది జాయింట్ దగ్గర. పిల్లరూ బీమూ కలిసే చోట రింగులు ఉండాలి, కానీ బీమ్ ఊచలు పెట్టేశాక అక్కడ చెయ్యి దూరదు. అందుకని వదిలేస్తారు, పైన స్లాబ్ పోస్తే ఎవరికీ కనపడదు. దానికి ఉపాయం ఏంటంటే, బీమ్ రాడ్లు పెట్టకముందే ఆ నాలుగైదు రింగులు పిల్లర్‌కు పై నుంచి తొడిగి ఉంచుకోవాలి, బీమ్ కట్టేటప్పుడు ఒక్కోటి ఎడం చూసి బైండింగ్ వైర్‌తో కట్టాలి. స్లాబ్ ముందు రోజు రాత్రి చెప్తే కుదరదు.

ఇంకోటి, నిలువు రాడ్ల అతుకు అందరూ స్లాబ్ మీదనే వేస్తారు, సులువని. మేడం, అది తప్పే కదా?

నిర్మాణ_లలిత | 6 డిసెంబర్ 2024, రాత్రి 9:20

తప్పే వెంకన్న గారూ. అతుకు పిల్లర్ ఎత్తులో మధ్య సగంలో ఉండాలి. కిందా పైనా ఎక్కువ వంగే చోట అతుకు పనికిరాదు. ఆ కిందా పైనా కనీసం 450 మి.మీ. మేర రింగులు దగ్గరగా రావాలి, శ్రీను గారి 300 పిల్లర్‌కైతే 75 మి.మీ.కి ఒకటి, అంటే మూడంగుళాలు. డ్రాయింగ్‌లో ఆరంగుళాలని ఉన్న ఆ ఒక్క ముక్క కొట్టేయాలి. మీలాంటివారు ఇక్కడ రాయడం నాకెంతో సంతోషంగా ఉంది. జాయింట్ ఉపాయం మా ఆఫీసు కుర్రాళ్లకు పంపాను.

రైతుగారి మిద్దెకు: గోడల పైన, ద్వారబంధాల ఎత్తున, ఇంటి చుట్టూ తెగకుండా ఒక పట్టీ ఉండాలి. కలపతోనైనా సరే, కాంక్రీటుతోనైనా సరే. నాలుగు గోడలూ మూలల దగ్గర విడిపోకుండా అదే పట్టి ఉంచుతుంది. పాత ఇంటికి గోడకు రెండు వైపులా వెల్డ్ మెష్ (ఇనుప జాలీ) వేసి, ఆరపార తీగలతో కట్టి సిమెంటు పూయవచ్చు. మిద్దె మీద ఏటేటా పోసిన మట్టి మందం తగ్గించండి. పైబరువే ప్రమాదం. ఎవరైనా వచ్చి చూశాకే పని మొదలుపెట్టండి.

యొకోహామా_కిరణ్ | 7 డిసెంబర్ 2024, సాయంత్రం 4:30

2011 మార్చి 11న నేను టోక్యోలో ఇరవై రెండో అంతస్తులో ఉన్నాను. కేంద్రం వందల కిలోమీటర్ల దూరం, తీవ్రత 9. బిల్డింగ్ నిమిషాల తరబడి ఓడలా ఊగింది. బీరువాలు జరిగాయి, పైకప్పు పలకలు రెండు ఊడాయి, అంతే. మెట్లు దిగి ఇంటికి నాలుగు గంటలు నడిచి వెళ్లాను. ఇక్కడ ఇల్లు అద్దెకు తీసుకునేటప్పుడు అందరూ అడిగేది "1981కి ముందుదా, తర్వాతదా" అని. ఆ ఏడాది జూన్ నుంచి కొత్త నిబంధనలు వచ్చాయి. 1995లో కోబెలో ఆరు వేల నాలుగు వందల మందికి పైగా చనిపోయినప్పుడు, కూలినవాటిలో పాత నిబంధనల ఇళ్లే చాలా ఎక్కువ. ఇక్కడి ఆసుపత్రులు చాలావాటికి పునాదిలో రబ్బరు దిమ్మలు పెడతారు. మన దగ్గర అవి లేవా?

నిర్మాణ_లలిత | 7 డిసెంబర్ 2024, రాత్రి 8:15

ఉన్నాయి కిరణ్ గారూ. 2001లో కూలిన భుజ్ జిల్లా ఆసుపత్రిని మళ్లీ కట్టినప్పుడు సీసం, రబ్బరు కలిపిన దిమ్మల మీదే నిలబెట్టారు. నేల గబగబా ఊగినా పైన భవనం నెమ్మదిగా కదులుతుంది. ఆసుపత్రికి అది కావాలి, ఎందుకంటే అదే రోజు అది పనిచేయాలి. మామూలు ఇల్లు ఆ రోజు పగిలినా ఫరవాలేదు, లోపలివాళ్లు బయటికి నడిచి రాగలిగితే చాలు. కోడ్ మనకు ఇచ్చే మాట అంతవరకే.

ఏటూరునాగారం_పిలగాడు | 7 డిసెంబర్ 2024, రాత్రి 9:05

సార్, మళ్లెప్పుడొస్తదో ముందుగాల చెప్పలేరా? వాట్సాప్‌ల తారీఖులు వేసి పంపుతున్నరు.

గోదారి_రాళ్లు | 7 డిసెంబర్ 2024, రాత్రి 10:11

చెప్పలేం బాబూ. కాలిఫోర్నియాలో పార్క్‌ఫీల్డ్ అనే ఊళ్లో సుమారు 22 ఏళ్లకోసారి భూకంపం వచ్చేది. 1993లోపు మళ్లీ వస్తుందని ప్రకటించి, ఊరి చుట్టూ పరికరాలు పాతి కూర్చున్నారు. వచ్చింది 2004 సెప్టెంబర్‌లో. ముందస్తు సూచన ఒక్కటీ కనిపించలేదు. ప్రపంచంలోనే అంత దగ్గరగా కనిపెట్టిన చోట జరిగింది ఇది. తారీఖు వేసి పంపిన మెసేజ్ ఏదైనా అబద్ధమే, ముందుకు పంపకండి. జపాన్‌లో ఫోన్లు మోగేది భూకంపం మొదలయ్యాకే. వేగంగా వచ్చే తొలి తరంగాన్ని పట్టుకుని, ఊపే రెండో తరంగం చేరేలోపు కొన్ని సెకన్లు ఇస్తారు.

పటమట_శ్రీను | 20 ఏప్రిల్ 2025, ఉదయం 11:25

అందరికీ నమస్కారం. మళ్లీ వచ్చాను. మట్టి పరీక్ష చేయించాం. పైన ఆరడుగులు నల్లమట్టి, కింద ఇసుక కలిసిన బంక, పదమూడు అడుగుల్లో నీళ్లు. విడివిడి ఫుటింగులు వద్దని కొత్త ఇంజనీరుగారు పునాదులన్నిటినీ కలిపి రాఫ్ట్ వేయించారు. పిల్లర్లు 12 ఇంటూ 18. ఈశాన్యం మూల, నైరుతి మూల కాంక్రీటు గోడలు. స్టీలు 500డి, విరగకుండా బాగా సాగే రకం, తెప్పించాం. మొత్తం స్టీలు టన్ను పైచిలుకు పెరిగింది. హాల్ టైల్స్ ఖరీదైనవి అనుకున్నాం, మామూలువి వేసుకుంటాం.

పాత మేస్త్రే చేస్తున్నాడు. మొదట అలిగాడు. మార్చి 28న మయన్మార్‌లో 7.7 వచ్చి, వెయ్యి కిలోమీటర్ల దూరాన బ్యాంకాక్‌లో కడుతున్న ముప్పై అంతస్తుల భవనం కూలడం ఫోన్‌లో చూశాక, తనే వచ్చి "ఆ రింగుల వంపు ఇంకోసారి చూపించండి సార్" అన్నాడు. లలిత గారూ, అంత దూరాన ఎలా కూలింది?

నిర్మాణ_లలిత | 20 ఏప్రిల్ 2025, మధ్యాహ్నం 2:50

ఆ భవనంలో లోపాలేమిటో విచారణలో తేలాలి. నేల సంగతి మాత్రం చెప్పగలను. బ్యాంకాక్ కింద మెత్తటి బంకమట్టి లోతుగా ఉంది. దూరం వెళ్లేకొద్దీ గబగబా ఊపే తరంగాలు చస్తాయి, నెమ్మదిగా ఊపేవి మిగులుతాయి. మెత్తటి నేల వాటినే పెంచుతుంది, పొడవాటి భవనాలు వాటికే ఊగుతాయి. 1985లో మెక్సికో నగరంలో ఇదే జరిగింది. భూకంప కేంద్రం 350 కిలోమీటర్ల దూరం, నగరం కట్టింది పాత చెరువు మీద. ఆరు నుంచి పదిహేను అంతస్తుల వరకు ఉన్నవి ఎక్కువగా పోయాయి, వాటి పక్కనే చిన్న ఇళ్లు నిలబడ్డాయి.

మీ రాఫ్ట్ నిర్ణయం మంచిది. పార్కింగ్ స్లాబ్ ఎప్పుడు?

పటమట_శ్రీను | 20 ఏప్రిల్ 2025, మధ్యాహ్నం 3:12

గురువారం. బీమ్ ఊచలు రేపు పెడుతున్నారు. జాయింట్ రింగులు వెంకన్న గారు చెప్పినట్టే ముందుగా తొడిగించాం, పిల్లర్‌కు ఐదు చొప్పున.

బెండింగ్_వెంకన్న | 20 ఏప్రిల్ 2025, మధ్యాహ్నం 3:40

బీమ్ కట్టడం అయ్యాక, కాంక్రీటు పోయకముందు, ప్రతి జాయింట్ ఫోటో తీసి ఇక్కడ పెట్టండి సార్. నాలుగు మూలలవి తప్పకుండా. బుధవారం రాత్రి పని అయ్యాక చూస్తా. ఏ రింగు పైకి జారినా పోసేముందు కిందికి దించుకోవచ్చు.